గేమ్ మీద క్లిక్ చేస్తే ఏమీ రావట్లేదా? ‘చిన్నా’ ఫోల్డర్ కథ

 

పోయిన ఎపిసోడ్‌లో పాత ల్యాప్‌టాప్‌కి ఎస్ఎస్‌డీ వేయడం గురించి మాట్లాడుకున్నాం. అది చూసి మెసేజ్ పెట్టినవాళ్లలో సగం మంది ఎస్ఎస్‌డీ గురించి అడగనే లేదు. అడిగింది ఒకటే. "అన్నా, గేమ్ మీద డబుల్ క్లిక్ చేస్తే ఓపెన్ కావట్లేదు, ఏం చేయాలి?"

అంతే రాస్తారు. ఏ గేమ్, ఏ విండోస్, క్లిక్ చేశాక స్క్రీన్ మీద ఏం కనిపించింది, ఇవేవీ ఉండవు. బండి స్టార్ట్ కావట్లేదని మెకానిక్‌కి ఫోన్ చేస్తే ఆయన మొదట అడిగేది ఏంటి? "కిక్ కొడితే చప్పుడు వస్తోందా, అసలు రావట్లేదా?" అని. ఆ ఒక్క జవాబుతో ఆయనకి సగం తెలిసిపోతుంది. గేమ్ విషయంలోనూ మనం వినాల్సిన చప్పుడు ఒకటి ఉంది. మనం అది వినకుండా నేరుగా అన్‌ఇన్‌స్టాల్ బటన్ మీదకి వెళ్లిపోతాం.

"గేమ్ ఓపెన్ కాకపోతే చేయాల్సిన పది పనులు" లాంటి వీడియోలు బోలెడున్నాయి. రెండేళ్ల కింద నేనూ ఒకటి చేశా, ఇప్పుడు చూస్తే సిగ్గేస్తుంది. అందుకే ఈ రోజు ఒకే ఒక్క కేసు మొదటి నుంచి చివరి దాకా చెప్తా. మధ్యలో నేను చేసిన తప్పు కూడా ఉంది, దాచను.

దానికి ముందు, ఎక్కువ మందికి వచ్చే మామూలు సమస్యలు గబగబా చెప్పేస్తా. మీది ఇక్కడే తీరిపోతే మంచిదే కదా.

క్లిక్ చేయగానే చిన్న బాక్సు వచ్చి "ఫలానా డీఎల్‌ఎల్ ఫైల్ దొరకలేదు" అంటే మీరు అదృష్టవంతులు. రోగం పేరు అదే చెప్పేసింది. ఆ పేరులో వీసీ రన్‌టైమ్ 140 అనో, ఎమ్‌ఎస్‌వీసీపీ 140 అనో ఉంటే మైక్రోసాఫ్ట్ విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ లేదని అర్థం. మైక్రోసాఫ్ట్ సైట్‌లోనే ఫ్రీగా దొరుకుతుంది. ఎక్స్86, ఎక్స్64 రెండూ వేయండి. మీ విండోస్ 64 బిట్‌ది అయినా గేమ్ 32 బిట్‌ది కావొచ్చు. అలా కాకుండా పేరు డీ3డీఎక్స్9 అని మొదలైతే మీకు కావాల్సింది డైరెక్ట్ఎక్స్ ఎండ్ యూజర్ రన్‌టైమ్, 2010 జూన్‌ది. "నా దాంట్లో డైరెక్ట్ఎక్స్ 12 ఉంది కదా అన్నా, ఆ ముసలిది ఎందుకు?" అంటారు. 12 ఉన్నంత మాత్రాన 9 కాలం నాటి ఆ విడి ఫైళ్లు వచ్చేయవు. వేసుకోవాల్సిందే. కొత్తదాన్ని అది ఏమీ చెడగొట్టదు.

ఇక్కడ ఒక్క నిమిషం ఆగుతా. ఆ డీఎల్‌ఎల్ పేరు కాపీ చేసి సెర్చ్‌లో కొడితే "ఈ ఒక్క ఫైల్ దించుకుని సిస్టమ్32లో పడేయండి" అనే సైట్లు వరసగా వస్తాయి. దయచేసి వద్దు. ఆ ఫైల్ ఎవరు తయారు చేశారో, లోపల ఏం కలిపారో మనకి తెలీదు. కొన్నిచోట్ల ముందు యాంటీవైరస్ ఆఫ్ చేయమని కూడా రాస్తారు. ఇంటి తాళం తీసి గుమ్మంలో పెట్టి పక్కకి జరగండి అన్నట్టు ఉంటుంది అది. ఒకవేళ ఫైల్ మంచిదే అనుకున్నా, ఇంకో చిక్కుంది. 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32 అనే ఫోల్డర్‌లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు. 32 బిట్‌వి సిస్‌వావ్64 అనే ఫోల్డర్‌లో ఉంటాయి. అవును, సరిగ్గానే విన్నారు, పేర్లు తలకిందులు. దీనికి తికమకపడనివాడిని నేను చూడలేదు. దాంట్లోది దీంట్లో, దీంట్లోది దాంట్లో పడితే వచ్చే ఎర్రర్ చాలా ఫేమస్, చివర 7బి అని ఉంటుంది. డీఎల్‌ఎల్ లేదనే చిన్న సమస్యని మనమే పెంచి పెద్దది చేసుకున్నట్టు అవుతుంది.

మిగతావి త్వరగా. ల్యాప్‌టాప్‌లో రెండు గ్రాఫిక్స్ చిప్‌లు ఉండి గేమ్ నల్ల స్క్రీన్ చూపించి మూసుకుపోతే, సెట్టింగ్స్‌లో డిస్‌ప్లే, గ్రాఫిక్స్ అని ఉంటుంది, అక్కడ ఆ గేమ్‌కి హై పెర్ఫార్మెన్స్ పెట్టండి. స్టీమ్‌లో ఫైల్ ఏదైనా చెడిందని అనుమానం ఉంటే మొత్తం మళ్లీ దించక్కర్లేదు, ప్రాపర్టీస్‌లో వెరిఫై చేసే బటన్ ఉంది, పోయిన ముక్కలే దించుతుంది. వాలరెంట్ విండోస్ 11లో రావట్లేదంటే బయోస్‌లో సెక్యూర్ బూట్, టీపీఎమ్ 2.0 ఆన్‌లో ఉన్నాయో లేదో చూడండి. అది రిపేరు కాదు, వాళ్ల రూలు.

ఇవన్నీ ఏదో ఒక చప్పుడు చేసే సమస్యలు. అసలు ఇబ్బంది పెట్టేది చప్పుడు చేయనిది. డబుల్ క్లిక్ చేస్తాం, నీలం చక్రం రెండు సెకన్లు తిరుగుతుంది, ఆగిపోతుంది. బాక్సు లేదు, మెసేజ్ లేదు.

మనకి చెప్పకపోయినా విండోస్ ఎక్కడో రాసి పెట్టుకుంటుంది. స్టార్ట్‌లో రిలయబిలిటీ అని టైప్ చేస్తే రిలయబిలిటీ హిస్టరీ వస్తుంది. క్యాలెండర్‌లా ఉంటుంది, గేమ్ పడిపోయిన రోజు మీద ఎర్ర గుర్తు ఉంటుంది. ఇంకొంచెం లోతుగా కావాలంటే ఈవెంట్ వ్యూయర్. అందులో విండోస్ లాగ్స్, అప్లికేషన్, 1000 నంబరు ఉన్న ఎర్రర్. దాంట్లో మూడే లైన్లు చూడండి. పడిపోయిన ప్రోగ్రామ్ ఏది, పడిపోయినప్పుడు నడుస్తున్న మాడ్యూల్ ఏది, కోడ్ ఏంటి. మాడ్యూల్ దగ్గర గ్రాఫిక్స్ డ్రైవర్ పేరు ఉంటే అటు చూడాలి. కోడ్ చివర 1డి అని ఉంటే మీ ప్రాసెసర్‌కి అర్థం కాని ఆజ్ఞ ఏదో గేమ్ ఇస్తోందని. పాత ప్రాసెసర్ మీద కొత్త గేమ్ వేస్తే వస్తుంటుంది, దానికి రీఇన్‌స్టాల్ మందు కాదు. చివర 5 ఒక్కటే ఉంటే, తనది కాని మెమరీలో చెయ్యి పెట్టిందని అర్థం. ఆ 5 అన్నిటికంటే సర్వసాధారణం, అన్నిటికంటే తక్కువ చెప్పేది కూడా అదే.

ఇక కేసు.

నల్గొండ జిల్లా నుంచి ఒక తమ్ముడు మెసేజ్ పెట్టాడు. ఇంటర్ చదువుతున్నాడు. పాత రేసింగ్ గేమ్ ఒకటి డిస్కౌంట్‌లో కొన్నాడు, క్లిక్ చేస్తే రావట్లేదు. వాళ్ల ఇంట్లో బ్రాడ్‌బ్యాండ్ లేదు. గేమ్ సైజు 14 జీబీ. ఫోన్‌లో రోజుకి 2 జీబీ డేటా. అంటే ఒకసారి దించడానికి వారం రోజులు, అది కూడా వాళ్లమ్మ ఫోన్ హాట్‌స్పాట్ కూడా వాడుకుంటే ఇంకొంచెం ముందు. అలా నాలుగు సార్లు దించాడు. మీరే లెక్కేసుకోండి. నాలుగోసారి కూడా రాకపోతే ఊళ్లో కంప్యూటర్ షాపుకి తీసుకెళ్లాడు. ఆయన రెండు నిమిషాలు చూసి, "ఫార్మాట్ కొట్టాలి, ఎనిమిది వందలు అవుద్ది" అన్నాడట. ఫార్మాట్ చేయించాలా వద్దా అన్నా అని వాడి ప్రశ్న.

వద్దు, ఆదివారం వీడియో కాల్‌లో చూద్దాం అన్నా.

ఆదివారం కాల్ కలిసేసరికి వాడి పక్కన వాళ్లమ్మగారు కూర్చుని ఉన్నారు. జిల్లా పరిషత్ హైస్కూల్లో తెలుగు టీచర్. ల్యాప్‌టాప్ ఆవిడదే, విండోస్ 10. స్కూల్ పని ఆవిడ చేసుకుంటారు, వీడికి అందులోనే వేరే అకౌంట్ చేసిచ్చారు. "ఏం లేదు బాబూ, నా ఫైళ్లు కూడా దాంట్లోనే ఉన్నాయి, ఏం చేస్తున్నారో చూద్దామని కూర్చున్నా" అన్నారు. ఆ మాట అప్పుడు నేను మర్యాదకి అన్నట్టు విన్నా. సరిగ్గా వినాల్సింది.

మొదట టాస్క్ మేనేజర్ చూశాం, గేమ్ వెనకాల ఇరుక్కుని ఏమైనా నడుస్తోందా అని. లేదు. ఈవెంట్ వ్యూయర్ తెరిచాం. 1000 నంబరు ఎర్రర్లు వరసగా పదహారు ఉన్నాయి పాపం, వాడు క్లిక్ చేసిన ప్రతిసారికీ ఒకటి. మాడ్యూల్ దగ్గర గేమ్ పేరే ఉంది, కోడ్ చివర 5. అంటే డ్రైవర్‌ని అనడానికి లేదు, యాంటీవైరస్‌ని అనడానికి లేదు. గేమ్ తనంతట తనే కాలు జారి పడింది.

అప్పుడు నేను వాడిని ఒకటి అడిగా. "అమ్మ అకౌంట్‌లో ఎప్పుడైనా ఓపెన్ చేసి చూశావా?" లేదన్నాడు. అది అమ్మ అకౌంట్ కదా, అందులో గేమ్ ఎందుకు ఓపెన్ చేస్తా అన్నాడు. బుద్ధిమంతుడు. మేడమ్ పాస్‌వర్డ్ కొట్టారు. క్లిక్ చేశాడు. కంపెనీ లోగో వచ్చింది, ఇంజిన్ మోత వచ్చింది, వెనకాల వాడు కుర్చీ మీద నుంచి లేవడం కూడా వినిపించింది నాకు.

ఈ టెస్టుకి రెండు నిమిషాలు పట్టింది. దీనికి ఎంత విలువుందో చూడండి. అదే ల్యాప్‌టాప్, అదే ర్యామ్, అదే గ్రాఫిక్స్, అదే 14 జీబీ. ఒక అకౌంట్‌లో వస్తోంది, ఇంకో దాంట్లో రావట్లేదు. అంటే గేమ్ ఫైళ్లు బాగున్నాయి, మెషీన్ బాగుంది. నాలుగు సార్లు దించింది దండగ, ఆ ఫార్మాట్ కూడా దండగే అయ్యేది. కాదు, ఫార్మాట్ చేశాక అకౌంట్ మళ్లీ అదే పేరుతో పెడితే మళ్లీ ఇదే. తేడా అంతా అకౌంట్‌లో ఉంది. ఏంటా తేడా?

దీనికి ప్రాసెస్ మానిటర్ అనే టూల్ వాడా. సిస్‌ఇంటర్నల్స్ వాళ్లది, మార్క్ రస్సినోవిచ్, బ్రైస్ కాగ్స్‌వెల్ చేసిన టూల్స్ ఇవి, 2006లో మైక్రోసాఫ్ట్ కొనేసింది, ఇప్పుడు మైక్రోసాఫ్ట్ సైట్‌లోనే ఫ్రీ. ఒక ప్రోగ్రామ్ ఏ ఫైల్ అడిగింది, విండోస్ ఏం జవాబు చెప్పింది, ప్రతిదీ లైను లైనుగా చూపిస్తుంది. తెరవగానే వేల లైన్లు పరిగెడతాయి, భయపడొద్దు. ఫిల్టర్‌లో గేమ్ ఫైల్ పేరు ఒక్కటే పెట్టండి. "దొరకలేదు" అనే జవాబులు వందల్లో ఉంటాయి, అవి కూడా మామూలే, ప్రతి ప్రోగ్రామ్ నాలుగు చోట్ల వెతుక్కుంటుంది. మీరు చూడాల్సింది అది చచ్చిపోయే ముందు చివరి పాతిక లైన్లు.

ఆ చివరి లైన్లలో ఒకటి చూసి నేను కాసేపు మాట్లాడలేదు. గేమ్ అడిగిన దారి ఇది. సీ డ్రైవ్, యూజర్స్, ఆ తర్వాత ఆరు ప్రశ్న గుర్తులు, తర్వాత డాక్యుమెంట్స్, మై గేమ్స్. విండోస్ జవాబు: నేమ్ ఇన్‌వాలిడ్. పేరు చెల్లదు.

"తమ్ముడూ, నీ అకౌంట్ పేరేంటి?" అని అడిగా. వాడు సిగ్గుపడ్డాడు. మేడమ్ నవ్వి చెప్పారు, "చిన్నా అని పెట్టానండీ. ఇంట్లో వాడిని అట్లాగే పిలుస్తాం. తెలుగులోనే టైప్ చేశా."

చిన్నా. మన కంటికి రెండు అక్షరాలు. కంప్యూటర్ లెక్కలో ఆరు. చ, గుడి, న, పొల్లు, మళ్లీ న, దీర్ఘం. ఆరు ప్రశ్న గుర్తులు ఆ పిల్లాడి పేరు.

ఇది ఎందుకు జరిగిందో కొంచెం ఓపిగ్గా చెప్తా. విండోస్‌లో ఫైల్ తెరిచే ప్రతి పనికీ రెండు గుమ్మాలు ఉంటాయి. ఒకదాని పేరు చివర డబ్ల్యూ, ఒకదాని పేరు చివర ఏ. డబ్ల్యూ గుమ్మం యూనికోడ్‌ది, ప్రపంచంలో ఏ లిపి అయినా పడుతుంది. ఏ గుమ్మం పాతది. దానికి ఒకసారికి ఒక కోడ్ పేజీయే తెలుసు. మన దగ్గర ఇంగ్లిష్ విండోస్‌లో అది 1252 నంబరు పేజీ, అందులో ఉన్నది 256 గళ్లు. ఇంగ్లిష్, ఫ్రెంచ్, జర్మన్ అక్షరాలతో నిండిపోయాయి. ఆ గుమ్మంలోంచి "చిన్నా" వెళ్లబోతే ఒక్కో గుర్తునీ ఆపి, నువ్వెవరో నాకు తెలీదని చెప్పి, ప్రశ్న గుర్తు చేతిలో పెట్టి పంపిస్తుంది. ఫైల్ పేర్లలో విండోస్ ఒప్పుకోని గుర్తులు కొన్ని ఉన్నాయి కదా, స్టార్, కోలన్, అలాంటివి. ప్రశ్న గుర్తు కూడా అందులో ఒకటి. అంటే గేమ్ వెతుకుతున్న ఫోల్డర్ ఈ భూమి మీద ఉండే అవకాశమే లేదు. ఫైల్ తెరుచుకుందో లేదో చూసుకోకుండా గేమ్ ముందుకు అడుగేసింది, అక్కడ నేల లేదు. అదీ చివర 5 కథ.

"సిస్టమ్ లొకేల్ మార్చండి" అని ఇంగ్లిష్ ఫోరమ్‌లలో చెప్తుంటారు. జపాన్ వాళ్లకి అది పనిచేస్తుంది, వాళ్లకి 932 పేజీ ఉంది. థాయ్ వాళ్లకి 874 ఉంది, రష్యన్‌కి 1251. తెలుగుకి అలాంటి పేజీ విండోస్‌లో లేదు. హిందీకీ లేదు, తమిళానికీ లేదు. మనవి యూనికోడ్‌తోనే విండోస్‌లోకి వచ్చిన భాషలు. యూనికోడ్‌లో తెలుగు 1991 మొదటి వెర్షన్ నుంచీ ఉంది. లోపల అంతా యూనికోడే వాడే విండోస్ ఎన్‌టీ 1993లో వచ్చింది. అంటే డబ్ల్యూ గుమ్మం ఆ గేమ్ రాసేనాటికే ఎప్పటి నుంచో తెరిచి ఉంది. రాసినవాళ్లు అటు వెళ్లలేదు.

వాళ్లని తిట్టే హక్కు నాకు లేదు లెండి. ఉద్యోగం చేసేటప్పుడు నేనూ ఒక చిన్న టూల్ రాశా, యూజర్ ఫోల్డర్‌లో రిపోర్టు సేవ్ చేసేది. ఈ కాల్ అయ్యాక ఆ కోడ్ గుర్తు తెచ్చుకున్నా. ఏ గుమ్మమే. మా టీమ్‌లో తొమ్మిది మంది ఉండేవాళ్లం, ఎనిమిది మంది తెలుగువాళ్లం. టెస్ట్ చేసిన పేర్లు: అడ్మిన్, టెస్ట్, యూజర్ వన్. ఒక్కడికైనా తన పేరు తన లిపిలో కొట్టి చూద్దామని తోచలేదు. లంచ్‌లో మాత్రం తెలుగు గురించి బాగానే మాట్లాడుకునేవాళ్లం.

సరే, పరిష్కారం. నాకు మొదట తోచింది సులువైంది. "ఇంగ్లిష్ అక్షరాలతో ఇంకో అకౌంట్ చేసేద్దాం మేడమ్, వాడు అందులో ఆడుకుంటాడు." ఆవిడ వెంటనే ఏమీ అనలేదు. కాసేపయ్యాక, "పేరు మార్చకుండా కుదరదా బాబూ? క్లాసులో పిల్లలకి చెప్తుంటాను, కంప్యూటర్లో తెలుగు రాయొచ్చని" అన్నారు. కోపంగా అనలేదు, అడిగారు, అంతే.

దాంతో నాకు రోషం వచ్చింది. ఎందుకు కుదరదు, కుదురుతుంది అన్నా. విండోస్ 10లో 2018 ఏప్రిల్ అప్‌డేట్ నుంచి ఒక టిక్ ఉంది. కంట్రోల్ ప్యానెల్, రీజియన్, అడ్మినిస్ట్రేటివ్, చేంజ్ సిస్టమ్ లొకేల్. అక్కడ కింద యూటీఎఫ్-8 వాడమని ఒక గడి ఉంటుంది. అది టిక్ చేస్తే ఆ పాత ఏ గుమ్మం కూడా యూటీఎఫ్-8 మాట్లాడుతుంది. తెలుగు వెళ్తుంది. ఆ గడి పక్కనే బీటా అని రాసి ఉంటుంది. ఆ మాట నేను చదివా, పట్టించుకోలేదు. టిక్ పెట్టించా, రీస్టార్ట్ చేయించా. చిన్నా అకౌంట్‌లో గేమ్ ఓపెన్ అయింది. ముగ్గురం సంతోషించాం. నేనైతే అదే రోజు ఈ ఎపిసోడ్‌కి స్క్రిప్టు కూడా మొదలుపెట్టా, "ఒక్క టిక్‌తో" అని టైటిల్ కూడా పెట్టుకున్నా.

సోమవారం రాత్రి ఎనిమిదింటికి మేడమ్ ఫోన్. "బాబూ, నా పేపర్లన్నీ పోయాయి."

టెన్త్ ప్రీఫైనల్ ప్రశ్నపత్రం తయారు చేయడానికి కూర్చున్నారు. ఆరేళ్లుగా చేసిన ప్రశ్నపత్రాలు, నోట్సు అన్నీ పాత డీటీపీ సాఫ్ట్‌వేర్‌లో ఉన్నాయి. ఒకటి తెరిస్తే అక్షరాల మధ్య అక్షరాలు లేవు. డబ్బాలు, ఖాళీలు. ఆవిడ గొంతు వణుకుతోంది. నాకు చెమటలు పట్టాయి. అడిగిన మొదటి ప్రశ్న, "సేవ్ చేశారా?" లేదు, భయమేసి అలాగే వదిలేశా అన్నారు. "ముట్టుకోకండి. మూసేయండి. సేవ్ చేయాలా అని అడిగితే నో అనండి."

ఏం జరిగిందంటే, యూనికోడ్ మన చేతికి రాక ముందు మనవాళ్లు తెలుగుని ఎలా ముద్రించేవాళ్లో తెలుసుగా. ఫాంటులో మోసం చేసేవాళ్లు, మంచి మోసమే. ఫైల్ లోపల ఉండేది ఆ 256 గళ్లలోని ఫ్రెంచ్, జర్మన్ అక్షరాల నంబర్లు. ఫాంటు వాటికి తలకట్టు, కొమ్ము, ఒత్తు బొమ్మలు తొడిగేది. మన పెళ్లి శుభలేఖలు, ఊరి పోస్టర్లు ఏళ్ల తరబడి అలా వచ్చినవే, ఇప్పటికీ చాలా డీటీపీ సెంటర్లలో అదే నడుస్తోంది. ఆ ఫైళ్లు 1252 పేజీని నమ్ముకుని బతుకుతున్నాయి. నేను ఆ పేజీని తీసేసి యూటీఎఫ్-8 పెట్టా. యూటీఎఫ్-8లో 127 దాటిన నంబరు ఒంటరిగా కనిపిస్తే దానికి అర్థం లేదు. అందుకే డబ్బాలు. ఆ టిక్ ఒక అకౌంట్‌కి కాదు, మెషీన్ మొత్తానికి వర్తిస్తుంది. కొడుకు పేరు ఒక రకం తెలుగు, తల్లి పేపర్లు ఇంకో రకం తెలుగు. రెండూ ఒకే ల్యాప్‌టాప్‌లో ఉన్నాయని ఆవిడ ఆదివారమే చెప్పారు, నా ఫైళ్లు దాంట్లో ఉన్నాయని. నేను వినలేదు.

టిక్ తీయించా. రీస్టార్ట్. ఆ ల్యాప్‌టాప్ లేవడానికి పట్టిన మూడు నిమిషాలు ఉన్నాయే, నా బీటెక్ వైవాల కంటే ఘోరం. ఫైల్ తెరిచారు. "వచ్చింది బాబూ. ఛందస్సు ప్రశ్నలు కూడా ఉన్నాయి" అన్నారు. డబ్బాలు కనిపిస్తున్నప్పుడు అలవాటుగా కంట్రోల్ ఎస్ కొట్టి ఉంటే ఆ ఫైల్ తిరిగి వచ్చేదని నేను గ్యారంటీ ఇవ్వలేను. అదే రాత్రి ఆరేళ్ల ఫోల్డర్ మొత్తం పెన్‌డ్రైవ్‌లోకి కాపీ చేయించా. ఆదివారం మొదటి పనిగా చేయించాల్సింది అది. ఇప్పుడు ఎవరికి కాల్‌లో చూసినా ముందు అడిగేది, ఈ సిస్టమ్ ఇంకెవరు వాడతారు, వాళ్లు ఏం వాడతారు అని. ఆ తర్వాతే గేమ్ పేరు.

గేమ్ మళ్లీ మొదటికి వచ్చింది. రెండు రోజులు ఆలోచించా, సిగ్గుపడాల్సింది ఏంటంటే జవాబు ఆ ప్రాసెస్ మానిటర్ లైన్లోనే ఉంది. గేమ్ అడుగుతున్నది డాక్యుమెంట్స్ ఫోల్డర్‌ని. ఆ ఫోల్డర్ "చిన్నా" లోపల ఉండాలని రూలేం లేదు. విండోస్‌లో డాక్యుమెంట్స్‌ని ఎక్కడికైనా మార్చుకోవచ్చు. వాడి అకౌంట్‌లోకి వెళ్లి, డాక్యుమెంట్స్ మీద రైట్ క్లిక్, ప్రాపర్టీస్, లొకేషన్ అనే ట్యాబ్, మూవ్. డీ డ్రైవ్‌లో ఇంగ్లిష్ అక్షరాలతో డాక్స్ అని ఒక ఫోల్డర్ చేసి అది చూపించాం. పాత ఫైళ్లు కూడా అక్కడికి తరలించాలా అని అడిగింది, ఎస్ అన్నాం. అయిపోయింది. ఇప్పుడు గేమ్ "నా డాక్యుమెంట్స్ ఎక్కడ?" అని ఏ గుమ్మంలో అడిగినా వచ్చే జవాబులో తెలుగు అక్షరం లేదు. అకౌంట్ పేరు చిన్నానే. ఈ మార్పు వాడి అకౌంట్ ఒక్కదానికే, మేడమ్ వైపు ఏమీ కదల్లేదు. క్లిక్ చేశాడు, ఇంజిన్ మోత.

మీకు ఇలాంటిదే ఉంటే కొన్ని మాటలు. అన్ని గేమ్‌లూ డాక్యుమెంట్స్‌నే అడగవు. కొన్ని టెంప్ ఫోల్డర్‌ని అడుగుతాయి, దాన్ని ఎన్విరాన్‌మెంట్ వేరియబుల్స్‌లో సీ డ్రైవ్‌లో మామూలు ఫోల్డర్‌కి మార్చుకోవచ్చు. యాప్‌డేటాని అడిగే పాత గేమ్ అయితే మాత్రం వేరే అకౌంట్ చేసుకోవడమే క్షేమం. యూజర్స్ లోపల ఫోల్డర్ పేరునే రిజిస్ట్రీలో మార్చేయండని కొందరు చెప్తారు, అందులో చెయ్యి జారితే అకౌంట్‌లోకే వెళ్లలేరు, నేను చేయించను. కంట్రోల్ ప్యానెల్‌లో అకౌంట్ పేరు మార్చినా ఫోల్డర్ పేరు మారదు, అది గుర్తుంచుకోండి. మైక్రోసాఫ్ట్ అకౌంట్‌తో లాగిన్ అయి సెటప్ చేసినవాళ్లకి ఫోల్డర్ పేరు మామూలుగా ఈమెయిల్ మొదటి అక్షరాల నుంచి వస్తుంది కాబట్టి ఈ సమస్య తక్కువ. కానీ డీ డ్రైవ్‌లో "గేమ్స్" అని తెలుగులో ఫోల్డర్ చేసి అందులో ఇన్‌స్టాల్ చేసినా ఇదే ఆరు ప్రశ్న గుర్తుల వ్యవహారం రావొచ్చు, ఒకసారి చూసుకోండి.

కాల్ పెట్టేసే ముందు మేడమ్ ఒకటి అడిగారు. "ఆ కొత్త ఫోల్డర్‌కి డాక్స్ అని ఎందుకు బాబూ, పత్రాలు అని పెట్టుకోవచ్చుగా?"

"వద్దు మేడమ్" అని నేనూ చిన్నా ఒకేసారి అరిచాం.

సరే, ఉంటా మరి. వచ్చే ఎపిసోడ్‌లో ప్రాసెస్ మానిటర్ ఫిల్టర్లు ఎలా పెట్టాలో స్క్రీన్ మీద చూపిస్తా.